ప్రింట్ నొక్కాక ఏ ఫైలు ఎవరిని పిలుస్తుంది?

ప్రింట్ బటన్ నొక్కితే కాగితం రావాలి. ఒక్కోసారి కాగితం రాదు, తెర మీద చిన్న పెట్టె తెరుచుకుని ఫలానా డీఎల్ఎల్ దొరకలేదు అంటుంది. అప్పుడు చాలామంది ఆ ఫైలు పేరు పట్టుకుని నెట్‌లో వెతుకుతారు. ఆ ఒక్క ఫైలునే ఉచితంగా ఇస్తామనే సైట్లు కుప్పలుతెప్పలుగా తగులుతాయి. దించుకుని, విండోస్ సొంత ఫైళ్లుండే సిస్టమ్32 ఫోల్డర్లో పడేస్తారు. పని జరిగితే సంతోషం, జరగకపోతే ఇంకో సైటు.

ప్రింటింగ్ విషయంలో ఇంతకంటే ప్రమాదకరమైన అలవాటు ఇంకోటి లేదు. ఆ ఫైళ్లు ఎక్కడ కూర్చుంటాయో, ఎవరి అధికారంతో నడుస్తాయో తెలిస్తే ఎందుకలా అంటున్నానో అర్థమవుతుంది. ప్రింటర్ మొండికేసినప్పుడు తప్పు ఏ మెట్టు దగ్గరుందో పట్టుకోవడానికీ అదే తెలియాలి.

ముందు లైబ్రరీ అంటే ఏమిటో రెండు ముక్కల్లో. చాలా ప్రోగ్రాములకు ఉమ్మడిగా కావాల్సిన పనుల్ని ఒక ఫైలులో రాసిపెడితే, ఎవరికి కావాలంటే వాళ్లు దాన్ని తమ మెమరీలోకి తెచ్చుకుని వాడుకుంటారు. విండోస్‌లో వీటిని డీఎల్ఎల్ అంటారు, లినక్స్‌లో ఎస్ఓ ఫైళ్లు, మ్యాక్‌లో డైలిబ్‌లు. లైబ్రరీ తనంతట తాను నడవదు. ఎవరు పిలిస్తే వాళ్ల ప్రాసెస్ (నడుస్తున్న ప్రోగ్రాము) లోపల, వాళ్లకున్న అధికారాలన్నిటితో నడుస్తుంది. అద్దెకు వచ్చినవాడి చేతికి ఇంటి తాళాల గుత్తి మొత్తం ఇచ్చినట్టు. ప్రింటింగ్‌లో వచ్చే చిక్కులు చాలావరకు ఇక్కడి నుంచే పుట్టాయి.

విండోస్‌లో ఒక పేజీ ఎలా ప్రయాణిస్తుందో చూద్దాం. వర్డ్‌లో ఉత్తరం టైపు చేసి ప్రింట్ అన్నారు. మీ ప్రింటర్ లోపలి సంగతులు వర్డ్‌కు ఏమీ తెలియవు. అది విన్‌స్పూల్.డీఆర్‌వీ అనే ఫైలును పిలుస్తుంది. పేరు చివర డీఆర్‌వీ అని ఉన్నా ఇది డ్రైవరు (ఫలానా ప్రింటర్ భాష తెలిసిన ప్రోగ్రాము) కాదు, మామూలు డీఎల్ఎల్లే. ప్రింటర్ తెరువు, పత్రం మొదలుపెట్టు, ఈ బైట్లు రాయి, మూసెయ్యి లాంటి పనులు అప్లికేషన్లు దీని ద్వారానే చేయించుకుంటాయి. అక్షరాలు, గీతలు, బొమ్మలు గీయించుకోవడానికి జీడీఐ32.డీఎల్ఎల్ వేరే ఉంది. తెర మీదైనా కాగితం మీదైనా గీసే ఆజ్ఞలు ఒకటే కావాలన్నది విండోస్ మొదటి నుంచీ పెట్టుకున్న పద్ధతి.

ఇక అసలు డ్రైవరు. సిస్టమ్32లో స్పూల్ అనే ఫోల్డరు, అందులో డ్రైవర్స్, అందులో ఎక్స్64, అందులో 3 అనే అంకె పేరుతో ఒక ఫోల్డరు ఉంటాయి. తెరిచి చూస్తే మీరు ఇంతవరకు తగిలించిన ప్రింటర్ల ఫైళ్లు చాలావరకు అక్కడే కనిపిస్తాయి. ఆ 3 డ్రైవరు నమూనా సంఖ్య. ఒక్కో డ్రైవరులో ప్రధానంగా మూడు భాగాలు. పేజీని చుక్కలుగా మార్చేది ఒకటి, సెట్టింగ్స్ పెట్టె చూపించేది ఒకటి, ప్రింటర్ వివరాలు రాసి ఉన్న డేటా ఫైలు ఒకటి. చాలా ఇంక్‌జెట్, లేజర్ ప్రింటర్ల విషయంలో మొదటి రెండూ తయారీదారు రాసినవి కావు. అవి మైక్రోసాఫ్ట్ ఇచ్చే యూనిడ్రైవ్.డీఎల్ఎల్, యూనిడ్రైవ్‌యూఐ.డీఎల్ఎల్. తయారీదారు ఇచ్చేది జీపీడీ అనే టెక్స్ట్ ఫైలు: ట్రేలు ఎన్ని, ఏ సైజు కాగితం పడుతుంది, రంగులున్నాయా లేదా, ఏ ఆజ్ఞ పంపితే ఏం జరుగుతుంది. దాంతో సరిపోనప్పుడు తన సొంత డీఎల్ఎల్ ఒకటి దానికి తగిలిస్తాడు. పోస్ట్‌స్క్రిప్ట్ అనే పేజీ వర్ణన భాష తెలిసిన ప్రింటర్లకైతే పీస్క్రిప్ట్5.డీఎల్ఎల్, దాని పక్కన ప్రింటర్ వివరాలు రాసి ఉన్న పీపీడీ అనే టెక్స్ట్ ఫైలు.

చుక్కలుగా మార్చడం అని ఒక్క మాటలో అనేశాం కానీ ఈ మెట్టులో పని అంతా ఇంతా కాదు. అంగుళానికి 600 చుక్కల చొప్పున ఒక ఏ4 పేజీ అంటే అడ్డంగా 4960, నిలువుగా 7016, మొత్తం దాదాపు 3.48 కోట్ల చుక్కలు. నలుపు తెలుపు అయితే చుక్కకు ఒక బిట్ చొప్పున 4.3 మెగాబైట్లు చాలు. నాలుగు సిరాలతో, ఒక్కో సిరాకు ఒక బైట్ చొప్పున లెక్కేస్తే 139 మెగాబైట్లు. కుదించకుండా ఎవరూ పంపరు, అయినా పేజీకి ఇంత డేటాను ఎవరో ఒకరు తయారు చెయ్యాలి. చవక ప్రింటర్లలో ఈ పని మొత్తం కంప్యూటర్ మీదే పడుతుంది, ప్రింటర్ వచ్చిన చుక్కల్ని కొట్టడం తప్ప ఇంకేమీ చెయ్యదు. అలాంటి ప్రింటర్‌కు సరైన లైబ్రరీ లేకపోతే ఒక్క అక్షరం కూడా పడదు. పోస్ట్‌స్క్రిప్ట్ అర్థం చేసుకునే ఖరీదైన ప్రింటర్‌ను ఏదో ఒక సాధారణ డ్రైవరుతో నెట్టుకురావచ్చు.

ఇప్పుడు ఈ డ్రైవరు డీఎల్ఎల్‌లు ఎవరి ప్రాసెస్‌లోకి ఎక్కుతాయన్నది చూడాలి. ప్రింటర్ ప్రాపర్టీస్ అని నొక్కగానే సెట్టింగ్స్ పెట్టె చూపించే డీఎల్ఎల్ వర్డ్ లోపలికే వస్తుంది. డ్రైవరులో తప్పుంటే వర్డ్ కుప్పకూలుతుంది, తిట్లు వర్డ్‌కు పడతాయి. డిఫాల్ట్ ప్రింటర్ మార్చగానే కొన్నిసార్లు పేజీలో వరసలు జరిగిపోవడానికీ ఇదే కారణం. కాగితం మీద ఎంతవరకు ముద్రించవచ్చు, ఏ అక్షరం ఎంత వెడల్పు అన్న లెక్కల్ని అప్లికేషన్ డ్రైవరును అడిగి తెలుసుకుంటుంది.

ఎక్సెల్ విషయం ఇంకా తమాషాగా ఉంటుంది. ఎక్స్ఎల్ఎస్ఎక్స్ ఫైలు నిజానికి ఒక జిప్ ఫైలు. దాన్ని విప్పితే చాలాసార్లు ప్రింటర్‌సెట్టింగ్స్ అనే ఫోల్డరు, అందులో ఒక బిన్ ఫైలు కనిపిస్తాయి. ఆ ఎక్సెల్ ఫైలును సేవ్ చేసినవారి డ్రైవరు రాసిన సెట్టింగ్స్ దిమ్మ అది. డెవ్‌మోడ్ అంటారు. అందులో కాగితం సైజు, కాపీల సంఖ్య లాంటి భాగం అందరికీ తెలిసిందే. దాని వెనక ఒక రహస్య భాగం ఉంటుంది, అది రాసిన డ్రైవరుకు తప్ప ఎవరికీ అర్థం కాదు. ఎవరో పంపిన లెక్కల పట్టిక మీ దగ్గర తెరిస్తే, వాళ్ల ప్రింటర్ సెట్టింగ్స్ కూడా దాని వెంట వస్తాయి. అందులో ఉన్న కాగితం సైజు, అడ్డం నిలువు లాంటివి మీరు అడగకుండానే మీ ప్రింట్‌లో దిగుతాయి.

అప్లికేషన్ పని అయ్యాక పేజీ స్పూలర్ చేతికి వెళ్తుంది. స్పూలర్ అంటే స్పూల్‌ఎస్‌వీ.ఈఎక్స్ఈ అనే సర్వీసు. స్పూల్ ఫోల్డర్లోనే ఉన్న ప్రింటర్స్ అనే ఫోల్డర్లో జంట ఫైళ్లు పుడతాయి: ఎస్‌పీఎల్ ఫైలులో పేజీ డేటా, ఎస్‌హెచ్‌డీ ఫైలులో పంపినవారి పేరు, ప్రింటర్ పేరు, సెట్టింగ్స్. కరెంటు పోయి వచ్చాక కూడా క్యూ చెక్కుచెదరకుండా ఉండేది ఈ రెండో ఫైలు వల్లే. స్పూలర్ లోపల స్పూల్‌ఎస్ఎస్.డీఎల్ఎల్ పని ఎటు పంపాలో తేలుస్తుంది. ఈ కంప్యూటర్‌కే తగిలించిన ప్రింటర్ అయితే లోకల్‌ఎస్‌పీఎల్.డీఎల్ఎల్, వేరే సర్వర్ మీదిదైతే విన్32ఎస్‌పీఎల్.డీఎల్ఎల్. తర్వాత విన్‌ప్రింట్.డీఎల్ఎల్ దాచిపెట్టిన పేజీని తీసి డ్రైవరు చేత గీయిస్తుంది. చివరికి పోర్ట్ మానిటర్: నెట్‌వర్క్ ప్రింటర్‌కు టీసీపీమాన్.డీఎల్ఎల్, యూఎస్‌బీ అయితే యూఎస్‌బీమాన్.డీఎల్ఎల్. ఇన్ని పేర్లు కంఠతా పట్టనక్కర్లేదు. ఇవన్నీ ఒకే సర్వీసులోకి ఎక్కే లైబ్రరీలు, ఆ సర్వీసు నడిచేది సిస్టమ్ అనే ఖాతా కింద. అడ్మినిస్ట్రేటర్ కంటే పైమెట్టు అది.

అంత అధికారమున్న చోటికి బయటివాళ్లు రాసిన డ్రైవరు డీఎల్ఎల్ వచ్చి కూర్చుంటుంది. ఈ కథ ఒకప్పుడు ఇంకా ఘోరంగా ఉండేది. 1996లో వచ్చిన విండోస్ ఎన్‌టీ 4.0 వేగం కోసం గ్రాఫిక్స్‌ను విండోస్ గుండెకాయ అయిన కెర్నెల్‌లోకి తీసుకెళ్లింది, ప్రింటర్ డ్రైవర్లు కూడా దాని వెంటే వెళ్లాయి. డ్రైవరులో ఒక తప్పు జరిగితే కంప్యూటర్ మొత్తం నీలి తెరతో ఆగిపోయేది. విండోస్ 2000లో డ్రైవర్లను కెర్నెల్ బయటికి తెచ్చారు, ఆ కొత్త నమూనాకే 3 అనే సంఖ్య. విస్టాలో కెర్నెల్ డ్రైవర్లకు పూర్తిగా చెల్లుచీటీ ఇచ్చారు. విండోస్ 7లో డ్రైవరును స్పూలర్ నుంచి కూడా విడదీసి ప్రింట్‌ఐసొలేషన్‌హోస్ట్ అనే వేరే ప్రాసెస్‌లో నడిపే వీలు పెట్టారు. డ్రైవరు పడిపోతే అదొక్కటే పడిపోతుంది, స్పూలర్ నిలబడుతుంది. గమనిస్తే ఈ చరిత్రంతా ఒకే దిశలో నడిచింది: ప్రతి మెట్టులోనూ డ్రైవరును ఇంకొంచెం దూరం నెట్టడం.

టాస్క్ మేనేజర్‌లో ఎస్‌పీఎల్‌వావ్64 అనే పేరు చూసి వైరస్ అనుకుని టెన్షన్ పడేవాళ్లు ఇప్పటికీ ఉన్నారు. 32 బిట్ ప్రోగ్రాము 64 బిట్ డీఎల్ఎల్‌ను తనలోకి ఎక్కించుకోలేదు. 64 బిట్ విండోస్‌లో ప్రింటర్ డ్రైవరు 64 బిట్‌దే. అందుకని ఆ డ్రైవరును తనలో ఎక్కించుకుని పాత ప్రోగ్రాము తరఫున మాట్లాడే మధ్యవర్తి ఈ ప్రోగ్రాము. సిస్టమ్ ఫోల్డర్లలోంచి నడుస్తున్నంతకాలం దాని జోలికి వెళ్లనక్కర్లేదు.

ఇక భద్రత. 2010లో బయటపడ్డ స్టక్స్‌నెట్ అనే హానికర ప్రోగ్రాము పాకడానికి వాడుకున్న దారుల్లో ప్రింట్ స్పూలర్ లోపం ఒకటి. పంచుకున్న ప్రింటర్‌కు ప్రింట్ పంపినట్టు నటించి, అవతలి కంప్యూటర్ సిస్టమ్ ఫోల్డర్లో తన ఫైలు రాసేది. పదకొండేళ్ల తర్వాత 2021 జూన్ చివర్లో ప్రింట్‌నైట్‌మేర్ అని పేరు పడ్డ లోపం బయటపడింది. దూరం నుంచి ప్రింటర్ డ్రైవరు చేర్చడానికి స్పూలర్‌లో ఒక సౌకర్యం ఉంది, ఆఫీసుల్లో వందల కంప్యూటర్లకు ప్రింటర్లు పెట్టేవారికి అది చాలా అవసరం. అడిగిన మనిషికి ఆ హక్కు ఉందా అన్న తనిఖీని తప్పించుకునే దారి దొరికింది. మామూలు ఖాతా ఉన్నవాడెవడైనా తన డీఎల్ఎల్‌ను చూపించి ఇదిగో డ్రైవరు అంటే, స్పూలర్ దాన్ని సిస్టమ్ హోదాలో నడిపేది. మైక్రోసాఫ్ట్ నెలవారీ అప్‌డేట్ దాకా ఆగకుండా జూలై మొదటి వారంలోనే ప్యాచ్ ఇచ్చింది. ఆగస్టులో ఇంకో మార్పు చేసింది: ఇక డ్రైవరు చేర్చాలంటే అడ్మినిస్ట్రేటర్ అయి ఉండాలి. ఆఫీసుల్లో ఐటీవాళ్లకు ఆ నెల పని పెరిగింది, మొన్నటిదాకా తగిలించగానే వచ్చిన ప్రింటర్‌కు ఇప్పుడు పాస్‌వర్డ్ ఎందుకన్న ప్రశ్నతో. సైట్ల నుంచి దించుకున్న డీఎల్ఎల్ సంగతి ఇప్పుడు విడిగా చెప్పనక్కర్లేదు. ప్రింట్‌నైట్‌మేర్‌తో దాడి చేసేవాడు అంత కష్టపడి చేసిన పనినే మనం మన చేతులతో చేసిపెడుతున్నాం.

లినక్స్, మ్యాక్ వేరే దారి పట్టాయి. రెండింటిలోనూ ప్రింటింగ్ చూసేది కప్స్ అనే సాఫ్ట్‌వేర్. దాన్ని మైకేల్ స్వీట్ అనే ప్రోగ్రామర్ 1997లో మొదలుపెట్టారు, 1999లో తొలి విడుదల. ఆపిల్ 2002లో మ్యాక్ ఓఎస్ ఎక్స్ 10.2లో చేర్చుకుంది, 2007లో దాని సోర్స్ కోడ్‌నే కొనేసింది. ఆపిల్‌లో చేరిన స్వీట్ అక్కడి నుంచి వెళ్లాక, 2020 నుంచి ఓపెన్‌ప్రింటింగ్ సంస్థ దగ్గర అభివృద్ధి సాగుతోంది.

ఇక్కడ అప్లికేషన్‌లోకి వచ్చే లైబ్రరీ ప్రధానంగా లిబ్‌కప్స్. అది డ్రైవరును మోసుకురాదు. స్పూలర్‌తో ఐపీపీ అనే ప్రోటోకాల్‌లో మాట్లాడుతుంది, అంతే. నెట్‌వర్క్ మీద ఆ ప్రోటోకాల్ పోర్టు 631. అవతల కప్స్ సర్వీసు పత్రాన్ని ఫిల్టర్ల వరస గుండా పంపుతుంది. ఒకటి పీడీఎఫ్ పేజీల్ని సర్దుతుంది, ఒకటి ఘోస్ట్‌స్క్రిప్ట్ లాంటి ప్రోగ్రాము సాయంతో చుక్కలుగా మారుస్తుంది, ఇంకొకటి ఆ చుక్కల్ని ప్రింటర్ భాషలోకి తెస్తుంది. ఒక్కో ఫిల్టరు విడి ప్రోగ్రాము, విడి ప్రాసెస్, అదీ తక్కువ అధికారాలున్న ఖాతా కింద. ఫిల్టరు పడిపోతే ఆ ఒక్క పని పోతుంది. విండోస్ పదేళ్లకు పైగా తంటాలుపడి చేరుకున్న చోటికి కప్స్ తొలి రోజునే చేరింది, ఆ ఘనత దానికి ఇవ్వాల్సిందే.

అలాగని లైబ్రరీ తలనొప్పులు ఇక్కడ లేవని కాదు. లినక్స్‌లో ప్రింటర్ పెట్టినవాళ్లకు ఫిల్టర్ ఫెయిల్డ్ అన్న రెండు ముక్కల సందేశం బాగా పరిచయం. దాని వెనక తరచుగా దొరికే కారణం చూడండి. తయారీదారు ఎప్పుడో ఇచ్చిన ఫిల్టరు 32 బిట్‌ది. మన సిస్టమ్ 64 బిట్. టెర్మినల్‌లో ఆ ఫిల్టరును నేరుగా నడిపితే అలాంటి ఫైలు లేదు అంటుంది. ఫైళ్ల జాబితా చూపే ఎల్ఎస్ ఆదేశం కొడితే ఫైలు కళ్లెదుటే ఉంటుంది! లేనిది ఆ ఫైలు కాదు, దాన్ని మెమరీలోకి ఎక్కించాల్సిన 32 బిట్ లోడరు. ఆ లోడరు పెట్టాక ఎల్‌డీడీ అనే ఆదేశానికి ఫిల్టరు పేరు ఇస్తే, దానికి కావాల్సిన లైబ్రరీలన్నీ వరసగా చూపించి, దొరకని వాటి పక్కన నాట్ ఫౌండ్ అని రాస్తుంది. లిబ్‌కప్స్ 32 బిట్ కాపీయో, లిబ్‌కప్స్‌ఇమేజో లోపించినట్టు తేలుతుంది. మీ లినక్స్ డిస్ట్రిబ్యూషన్ సొంత ప్యాకేజీల నుంచి ఆ కాపీలు పెడితే ప్రింటర్ కదులుతుంది.

డ్రైవరును విడదీసినంత మాత్రాన ప్రమాదం పూర్తిగా పోదని 2024 సెప్టెంబరు చూపించింది. నెట్‌వర్క్‌లో ప్రింటర్లను వాటంతట అవే కనిపెట్టే కప్స్-బ్రౌజ్డ్ అనే సర్వీసు, ఎవరు పలకరించినా నమ్మేది. దాడి చేసేవాడు లేని ప్రింటర్‌ను ఉన్నట్టు చూపించి, దాని వివరాల్లో ఒక ఆదేశాన్ని ఇరికించేవాడు. ఆ వివరాలు పీపీడీ ఫైలుగా మారేవి. మీరు ఆ దొంగ ప్రింటర్‌కు ఏదైనా పంపితే, ఫూమాటిక్-రిప్ అనే పాత ఫిల్టరు ఆ ఆదేశాన్ని నడిపేది. విండోస్‌లో నమ్మకూడని డీఎల్ఎల్‌ను నమ్మారు, ఇక్కడ నమ్మకూడని టెక్స్ట్ ఫైలును.

ఇదంతా చూశాక అసలు డ్రైవరు అవసరమా అని అడగడం సహజం. ప్రింటర్‌లోనే ఇప్పుడు చిన్న కంప్యూటర్ ఉంది. నువ్వేం చెయ్యగలవు అని ఐపీపీలో అడిగితే కాగితం సైజులు, రంగులు, తీసుకునే ఫైలు రకాలు అన్నీ అదే చెప్తుంది. అడిగినవారు మామూలు ప్రమాణ రూపంలో పేజీ పంపితే చాలు. ఆపిల్ 2010లో తెచ్చిన ఎయిర్‌ప్రింట్, తర్వాత వచ్చిన ఐపీపీ ఎవ్రీవేర్, మోప్రియా అన్నీ ఈ ఆలోచన మీద కట్టినవే. విండోస్ 10 చివరి విడుదలల నుంచి మైక్రోసాఫ్ట్ ఐపీపీ క్లాస్ డ్రైవర్ అని ఒకే ఒక్క డ్రైవరు ఇలాంటి ప్రింటర్లన్నిటినీ చూసుకుంటుంది. తయారీదారుల డ్రైవర్లకు మద్దతు మెల్లగా తగ్గిస్తామని మైక్రోసాఫ్ట్ 2023 సెప్టెంబరులో ప్రకటించింది. విండోస్ 11లో 24హెచ్2 అనే వెర్షన్‌తో ఇంకో అడుగు వేసి, బయటి డ్రైవరు ఒక్కటీ లేకుండా నడిచే రక్షిత ప్రింట్ మోడ్ పెట్టింది. కావాలనుకున్నవారు ఆన్ చేసుకోవాలి. కప్స్ కూడా కొత్త ప్రింటర్‌కు డ్రైవరు పెట్టబోతే, డ్రైవర్లకు కాలం చెల్లుతోంది, రాబోయే వెర్షన్లో పనిచెయ్యవు అని ముందే హెచ్చరిస్తోంది.

నాకు ఈ మార్పు మంచిదే అనిపిస్తుంది, ఒక్క చిక్కు తప్ప. తయారీదారు డ్రైవరులో ఉండే కాగితాలకు పిన్ను కొట్టడం, రహస్య కోడ్ అడిగి ముద్రించడం, ఫలానా విభాగం లెక్కలో రాయడం లాంటి సౌకర్యాలు ఉమ్మడి డ్రైవరులో అన్నిసార్లూ కనిపించవు. ఆఫీసులో పెద్ద ప్రింటర్ వాడేవారు ఆ తేడా మొదటి రోజే పట్టేస్తారు.

ఈలోగా మన తెర మీద ఆ పెట్టె వస్తే ఏం చెయ్యాలి? దొరకని ఫైలు విండోస్‌దే అయితే, అడ్మినిస్ట్రేటర్ కమాండ్ ప్రాంప్ట్‌లో ఎస్ఎఫ్‌సీ స్కాన్‌నౌ (sfc /scannow) నడిపితే సరైన కాపీని తనే తెచ్చిపెడుతుంది. తయారీదారుదైతే విడి ఫైలు వెతకొద్దు, ప్యాకేజీ మొత్తం తీసేసి మళ్లీ పెట్టాలి. ప్రింటర్ పేరు డిలీట్ చేసినంత మాత్రాన డ్రైవరు పోదు. ప్రింట్ సర్వర్ ప్రాపర్టీస్‌లో డ్రైవర్స్ ట్యాబ్‌కు వెళ్లి డ్రైవరునూ దాని ప్యాకేజీనీ కలిపి తీసెయ్యమనాలి. క్యూ కదలకపోతే స్పూలర్ సర్వీసు ఆపి, ప్రింటర్స్ ఫోల్డర్లోని జంట ఫైళ్లు తుడిచి, మళ్లీ మొదలుపెట్టాలి. స్పూలర్ పదేపదే పడిపోతుంటే ఈవెంట్ వ్యూయర్‌లో అప్లికేషన్ లాగ్ తెరవండి. ఫాల్టింగ్ మాడ్యూల్ అన్న మాట పక్కన పడగొట్టిన డీఎల్ఎల్ పేరు ఉంటుంది. అది ఏ ప్రింటర్‌ది అన్నది ఆ 3 ఫోల్డర్లో వెతికితే చాలాసార్లు తెలిసిపోతుంది, ఎప్పుడో పారేసిన ప్రింటర్‌దైనా సరే.

ఐపీపీ అంటే ఏమిటో తెలియని పాత ప్రింటర్ల కోసం లినక్స్ వైపు ఒక దారి తయారైంది. డ్రైవరును ఒక చిన్న ప్రోగ్రాములో చుట్టి, బయటి ప్రపంచానికి అదే ఒక ఆధునిక ఐపీపీ ప్రింటర్‌లా కనిపించేలా చేస్తారు. ప్రింటర్ అప్లికేషన్ అంటారు దీన్ని. అలాంటివి రాయడానికి మైకేల్ స్వీటే ప్యాపల్ అనే లైబ్రరీ ఇచ్చారు. కప్స్ దాన్ని నిజం ప్రింటర్ అనుకుని మాట్లాడుతుంది. పాత ఫిల్టరు, పాత పీపీడీ ఆ ప్రోగ్రాము లోపల ఎప్పటిలాగే పనిచేసుకుంటూ ఉంటాయి.